నీళ్ళ ట్యాంకు కింద దండోరా

పెదకాకాని శివుడి గుడివైపు తిరిగి నిలబడి, చేతులు జోడించి, ప్రమాణం చేసి చెబుతున్నాను: ఇందులో ప్రతి అక్షరం నిజం. నన్ను ఎరిగినవాళ్ళు ఈ వాక్యం దగ్గరే నవ్వి పేజీ తిప్పేస్తారని తెలుసు. రెవెన్యూ శాఖలో కొత్తగా చేరిన పిల్లలకు నేను చాలా చెప్పాను. ఒక్క పత్తికాయ పగిలితే వచ్చిన దూదితో రెండు దిండ్లు కుట్టించానన్నాను. మిరపఘాటుకు తుమ్మిన గేదె ఆ విసురుకు కాలువ దాటి పడిందన్నాను. అవన్నీ సరదాకి. ఇది వేరు.

అప్పుడు నేను ఒక మండలంలో రెవెన్యూ ఇన్‌స్పెక్టర్ని, జనం నోట్లో ఆరైని. ఇప్పటి తహసీల్దారును ఆ రోజుల్లో ఎమ్మార్వో అనేవాళ్ళం. మా మండలంలో చీరాల వెళ్ళే రోడ్డు పక్కన ఒక నూలు మిల్లు ఉండేది. ఉండేది అంటే గోడలూ షెడ్లూ నీళ్ళ ట్యాంకూ ఉండేవి. మిల్లు ఆగిపోయి చాలా ఏళ్ళయింది. ఆ స్థలం ఒకప్పుడు ప్రభుత్వమే ఇచ్చింది, ఒక షరతు మీద: మిల్లు నడవకపోతే భూమి వెనక్కి తీసుకుంటాం అని. మిల్లు ఆగినప్పుడు ఆ షరతు ఎవరికీ గుర్తు రాలేదు. కంపెనీ దివాలా తీసింది. దాని ఆస్తులు అమ్మి అప్పులవాళ్ళకు పంచమని హైకోర్టు ఒక లిక్విడేటరును వేసింది. ఆయన మనుషులొచ్చి గేటుకు గొలుసు, గొలుసుకు తాళం, తాళానికి గుడ్డ చుట్టి, గుడ్డ మీద ఎర్రలక్కతో సీలు వేశారు. వేలం ప్రకటన పేపర్లో పడింది. అప్పుడు గుర్తొచ్చింది మావాళ్ళకు షరతు.

వేలం కాకముందే భూమి స్వాధీనం చేసుకున్నామని అనిపించుకోవాలి. స్వాధీనం అంటే మా శాఖలో ఒక తంతు ఉంది. ఆ స్థలంలో దండోరా వెయ్యాలి, పంచనామా చదవాలి, 'ఇది ప్రభుత్వ భూమి' అని బోర్డు పాతాలి. మొదటిసారి మేం గేటు బయట, రోడ్డు మీదే ఆ తంతంతా కానిచ్చి వచ్చేశాం. లిక్విడేటరు తరఫు వకీలు, రోడ్డు మీద డప్పు కొడితే రోడ్డు స్వాధీనమవుతుందిగానీ మిల్లు ఎలా అవుతుందని ఎగతాళి చేశాడట. పైనుంచి మా ఎమ్మార్వో గారికి అక్షింతలు పడ్డాయి. ఆయన వాటిని నా నెత్తిన దులిపారు.

"ఈసారి లోపలికెళ్ళాలి. దండోరా లోపల, బోర్డు లోపల."

"గేటుకి కోర్టు సీలుందండి."

"సీలు ముట్టుకోమని నేనన్నానా?"

"మరి లోపలికెలాగండీ?"

"నన్నడుగుతావేంటయ్యా? ఆరైవి నువ్వా, నేనా?"

"కాయితం మీద రాసిస్తారాండి?"

ఆయన సొరుగులోంచి సెలవు చీటీ తీశారు. "రేపట్నుంచి నేను సెలవులో ఉంటున్నాను. ఒంట్లో బాగాలేదు," అన్నారు.

గుంటూరులో నాకు తెలిసిన ఒక వకీలు దగ్గరకు పరిగెత్తాను. "ఆ సీలు పగిలితే ఎవరికి శిక్ష పడుతుంది?" అని అడిగాను. "ఎవరి చెయ్యి పడితే వాళ్ళకి. కోర్టు ధిక్కారం. జైలు. జైలంటే ఇక ఉద్యోగం గురించి నువ్వు నన్నడగక్కర్లేదు," అన్నాడు. ఇంటికొచ్చి పడుకుంటే కళ్ళు మూసినా ఎర్రలక్కే కనబడింది.

మర్నాడు పొద్దెక్కాక ముగ్గురం బయల్దేరాం. నేను, సర్వేయరు, తలారి. సర్వేయరు గారు భారీ మనిషి. ఆయనెక్కితే ఆఫీసు జీపు ఒకవైపుకు ఒరిగి, ఊళ్ళో కుక్కలు రెండో వైపునుంచి పరిగెత్తేవి. భయమన్నది లేని మనిషి, లేదా దాన్ని జోకులతో కప్పుకునే మనిషి. నాకు ఇప్పటికీ తెలియదు. తలారి ముసలాయన, భుజాన డప్పుతో, చేతిలో నిచ్చెనతో ముందు నడిచాడు. బోర్డు నా చంకలో ఉంది. మిరపకోతల కాలం. రోడ్డుకు అవతల కల్లంలో, చూపానినంత మేర, ఎర్రగా కాయలు ఆరబోసి ఉన్నాయి. కూలి ఆడవాళ్ళు వంగి తాలుకాయలు, అంటే తెల్లబారి పనికిరానివి, ఏరుతున్నారు.

గేటు పక్క గుడిసెలో కాపలాదారు ఉండేవాడు. ఒకప్పుడు అదే మిల్లులో కార్మికుడు. లిక్విడేటరు అతన్నే కాపలా పెట్టాడు. మమ్మల్ని చూడగానే లేచి గేటుకు అడ్డం నిలబడ్డాడు.

"బాబూ, గోడ మీ ఇష్టం. దూకండి, పడండి, నేను చూళ్ళేదు. గేటు మాత్రం ముట్టుకోబాకండి. సీలుకి గీత పడినా నన్ను బొక్కలో వేస్తామన్నారు. ఆడపిల్లలున్నోణ్ణి."

"మీ గేటు మాకెందుకయ్యా," అన్నాడు సర్వేయరు. "మేం గాల్లోంచి వెళ్ళేవాళ్ళం."

గోడకు నిచ్చెన వేశాం. మొదట తలారి, తర్వాత నేను. సర్వేయరు ఎక్కుతుంటే నిచ్చెన మూలిగింది, ఆయనా మూలిగాడు, అవతల ఆడవాళ్ళు పని మాని చూస్తూ నవ్వారు.

"ఏమయ్యా ఆరై, ప్రభుత్వంవాళ్ళం, దొంగల్లాగా ఈ గోడ దూకుడేంటయ్యా?"

"మెల్లగానండీ, మెట్టు విరిగిద్ది."

"దొంగలు నయం. పట్టపగలు రారు, ఇంత ఒళ్ళూ పెంచరు."

గోడ మీద కూర్చుని నిచ్చెన లోపలికి లాగి, దిగాం. నవ్వులు అక్కడితో సరి.

మూతపడ్డ మిల్లు లోపలికి మీరెప్పుడైనా వెళ్ళారా? వెళ్ళకండి. వందలమంది పనిచేసిన చోట ఎవరూ లేకపోతే ఆ నిశ్శబ్దం ఒక మనిషిలా మన వెనక నిలబడుతుంది. కిటికీలకు, తీగలకు, దూలాలకు పాత నూలుపీచు గడ్డాల్లా వేలాడుతోంది. గాలి లేకపోయినా కదిలినట్టుంది. నా చెప్పుల చప్పుడుకు నేనే రెండుసార్లు వెనక్కి తిరిగాను. నాకు దయ్యాలంటే భయం లేదు. కోర్టంటే ఉంది. ఇప్పుడు ఎవరైనా గేటు దగ్గరకొచ్చి 'ఎవరు మీరు, ఎలా వచ్చారు' అంటే చెప్పడానికి నా దగ్గర ఏమీ లేదు. నోటిమాట ఆజ్ఞ ఇచ్చినాయన సెలవులో ఉన్నారు.

"తొందరగా కానిచ్చేద్దాం," అన్నాను.

ఎండ మాడుస్తోంది. ఆవరణలో నీడంటూ ఉన్నది నీళ్ళ ట్యాంకు కిందే. నాలుగు ఎత్తయిన కాళ్ళ మీద ట్యాంకు, దాని కింద సిమెంటు నేల. అక్కడైతే డప్పు మోత బాగా వినిపిస్తుంది, గేటు బయట ఉన్నవాళ్ళు కూడా విన్నామని సాక్ష్యం చెబుతారు. ఆ తెలివి నాదే. ఎవరూ సలహా ఇవ్వలేదు.

సర్వేయరు తలెత్తి చూశాడు. "పైన ఏదో తార్పాలిన్ గుడ్డ వేలాడుతోందయ్యా. నల్లగా."

"తారు పూసిన గుడ్డేమో లెండి. కొట్టు పెద్దాయనా."

తలారి కొట్టాడు. ముసలాయన చేతుల్లో ఆ సత్తువ ఎక్కడిదోగానీ, ట్యాంకు అడుగు తగిలి మోత రెండింతలై మా మీదే పడింది. నేను పంచనామా కాగితం ఎత్తి పట్టుకుని "ఇందుమూలముగా సమస్త ప్రజలకు" అన్నాను. అంతే చదివాను. సర్వేయరు నా భుజం పట్టుకున్నాడు.

"ఆరై. గుడ్డ కదుల్తోంది."

గాలి లేదు. గుడ్డ మీద ఒక అల లేచింది, ఈ చివరనుంచి ఆ చివరకు, నీళ్ళల్లో రాయేస్తే వచ్చినట్టు. తలారి చెయ్యి ఆగింది. డప్పు ఆగినా మోత ఆగలేదు. అది పైనుంచి వస్తోంది.

పెద్ద తేనెటీగలు. మనిషి నిలువంత పట్టు. అది విడిపోయి కిందకి దిగడం నేను చూశాను. మీదపడటం చూడలేదు, అప్పటికే కళ్ళు మూసుకున్నాను. చొక్కా తలమీదకు లాక్కుని పరిగెత్తాను. చెవుల్లో, మెడ మీద, వేళ్ళ సందుల్లో నిప్పురవ్వలు. తలారి డప్పు వదిలేసి నిచ్చెనెక్కి గోడ అవతలకు పడ్డాడు. ఆ చప్పుడు విన్నాను. నేనూ నిచ్చెన దగ్గరకు చేరాను. ఒక కాలు మెట్టు మీద వేశాను కూడా. వెనక నుంచి కేక వినిపించింది, "ఆరై! కళ్ళు కనపట్టం లేదయ్యా!" అని.

సర్వేయరు నేను వెళ్ళిన వైపు కాక గేటువైపు పరిగెత్తాడు. గేటు ఊచలు పట్టుకుని, అలాగే జారి, కూలబడి, పక్కకు ఒరిగిపోయాడు. ఆయన బట్టతల కనబడలేదు. నల్లగా, కదులుతూ ఉంది.

నేనెలా గేటుదాకా వెళ్ళానో తెలియదు. ఆయన మీద పడి చొక్కాతో కొడుతున్నాను, కొట్టిన కొద్దీ వస్తున్నాయి. బయట కాపలాదారు నెత్తిన దుప్పటి కప్పుకుని "అయ్యో, అయ్యో" అంటున్నాడు. కల్లంలోంచి ఆడవాళ్ళు పరిగెత్తుకొచ్చారు. వాళ్ళలో ఒక పెద్దావిడ, మెడలో చిన్న సిలువ ఉన్నావిడ, ఒక్క చూపు చూసి వెనక్కి తిరిగింది.

"ఓసేయ్, ఏడుస్తా నిలబడతారేంటే! తాలుకాయలు పట్రండి! గోతం పట్రండి! అగ్గిపెట్టె ఎవరికాడుంది?"

గోనెపట్టాలో తాలుకాయలు కుమ్మరించి, నిప్పంటించి, పొగలు కక్కుతుంటే కర్రతో ఊచల మధ్యనుంచి లోపలికి తోశారు. ఒకటి, ఇంకొకటి, ఇంకొకటి. పోపులో ఒక్క మిరపకాయ మాడితేనే ఇంటిల్లిపాదీ బయటికి పరిగెడతారు కదా. ఇది గోతాలకు గోతాలు. ఈగలు తప్పుకున్నాయి. తప్పుకోలేని వాళ్ళం మేమిద్దరం. నా ఊపిరితిత్తుల్లో ఎవరో రోకలితో కారం దంచుతున్నారు. కళ్ళలోంచి, ముక్కులోంచి ధారలు. ఆ పొగలో సర్వేయరు మొహం చూశాను. ముక్కేదో పెదవేదో తెలియకుండా ఉబ్బిపోయింది. ఊపిరి పిల్లనగ్రోవిలా సన్నగా కూస్తోంది.

"అయ్యా, మనిషి పోతాడు," అంది పెద్దావిడ. "యేసయ్యా, ఆ గొంతు చూడండి, మూసుకుపోతంది! బయటికి తియ్యండి!"

నిచ్చెన మీదుగా ఆ మనిషిని మొయ్యడం నలుగురివల్ల కూడా కాదు. ఇక మిగిలింది గేటు. గొలుసు, తాళం, ఎర్రలక్క.

కాపలాదారు ఊచల మధ్యనుంచి నా చేతులు పట్టుకున్నాడు. "వద్దు బాబూ, మీ కాళ్ళు మొక్కుతా, సీలు ముట్టుకోబాకండి. కల్లంలో ట్రాక్టరుంది, తాళ్ళేసి గోడమీంచి లాగుదాం."

"ఈయనేమన్నా బస్తానా!"

"నేను జైలుకు పోతా బాబూ."

"నేనూ పోతాను!"

అలా అన్నానుగానీ నా చెయ్యి గొలుసు మీదకు పోలేదు. ఇది మీకు, కొత్తగా ఉద్యోగాల్లో చేరినవాళ్ళకు, దాచకుండా చెబుతున్నాను. పక్కన మనిషి ఊపిరి తెగుతుంటే నేను ఆ లక్క వంక చూస్తూ నిలబడ్డాను. దాని మీద అచ్చుపడిన అక్షరాలు చదువుతున్నాను. ఎంతసేపో చెప్పలేను. నా పిల్లల ఫీజులు, మా ఆవిడ మొహం, పేపర్లో నా ఫోటో, అన్నీ ఆ లక్కలోనే కనబడ్డాయి. తేనెటీగలు కుట్టిన చోట్ల మంట లేదు.

తర్వాత ఒక పెద్ద కంకరరాయి తీసుకున్నాను. ఊచల మధ్యనుంచి గొలుసు లోపలికి లాక్కుని, తాళాన్ని నేల మీద ఆనించి కొట్టాను. మొదటి దెబ్బకు లక్క చిట్లింది. రెండో దెబ్బకు గుడ్డ చిరిగింది. మూడో దెబ్బకు తాళం నోరు తెరిచింది. గేటు తెరిచి, ఆడవాళ్ళూ నేనూ కలిసి సర్వేయరును ఈడ్చి, మిరపకాయల ట్రాక్టరు ఖాళీ చేసి, ఖాళీ టిక్కీలు, అంటే కాయలు కూరే గోతాలు, పరిచి పడుకోబెట్టాం. అప్పటికింకా ఫోను చేస్తే వచ్చే అంబులెన్సులు రాలేదు. పెద్దావిడ ఆయన తల ఒళ్ళో పెట్టుకుని చీరకొంగుతో విసురుతూ గుంటూరుదాకా వెళ్ళింది. ఇంకొంచెం ఆలస్యమైతే గొంతు పూర్తిగా మూసుకుపోయేదని డాక్టరు అన్నాడట.

ఆయన బతికాడు. మూత్రపిండాలు దెబ్బతిని చాలా నెలలు ఆసుపత్రుల చుట్టూ తిరిగాడు. మళ్ళీ గొలుసు పట్టుకుని పొలం కొలవలేదు. ఆఫీసులో కుర్చీకి పరిమితమయ్యాడు. నన్ను చూసినప్పుడల్లా పక్కవాళ్ళతో, "ఈ ఆరై నాకోసం హైకోర్టు తాళం పగలగొట్టాడయ్యా," అనేవాడు. నేను తలదించుకునేవాణ్ణి. వినయం అనుకునేవాళ్ళు.

అసలు భయం ఆ తర్వాత మొదలైంది. లిక్విడేటరు ధిక్కారం కేసు వేశాడు. నోటీసు నా పేరు మీద వచ్చింది. సెలవునుంచి ఆరోగ్యంగా తిరిగొచ్చిన ఎమ్మార్వో గారు, "స్థలం చూసి రమ్మన్నానుగానీ, లోపలికి పొమ్మని ఎప్పుడన్నాను?" అన్నారు. కొలీగులు క్యాంటీన్లో నా బల్ల దగ్గర కూర్చోవడం మానేశారు. వీధిలో జీపు ఆగితే మా ఆవిడ తలుపు వెనక్కి వెళ్ళేది. నేను అన్నం ముందు కూర్చుని, జైల్లో కూడా మిరపకాయ పచ్చడి వేస్తారా అని ఆలోచించేవాణ్ణి. ఇది జోకు కాదు, నిజంగానే ఆలోచించాను.

హైదరాబాదులో, హైకోర్టు హాల్లో, నా పేరు పిలిచారు. కాపలాదారును కూడా పిలిపించారు. ఇస్త్రీ లేని తెల్లచొక్కా వేసుకుని, నా వైపు చూడకుండా గోడ పక్కన నిలబడ్డాడు.

జడ్జి గారు అడిగారు. "సీలు ఎవరు పగలగొట్టారు?"

"నేనేనండి."

"దేనితో?"

"రాయితోనండి."

"ఎన్ని దెబ్బలకు పగిలింది?"

"మూడుకండి."

తలారిని అడిగితే, "అయ్యగారే కొట్టారు, నా కళ్ళతో చూశా," అన్నాడు. జడ్జి గారు డాక్టరు కాగితాలు తిరగేశారు. మనిషి ప్రాణం కోసం చేసిన పని అని, నా క్షమాపణ తీసుకుని, కేసు మూసేశారు. గోడలు దూకించిన ప్రభుత్వాన్ని మాత్రం గట్టిగా మందలించారు. భూమి కావాలంటే తమ ముందుకు వచ్చి అడగమన్నారు, డప్పుతో కాదన్నారు. ప్రభుత్వం అడిగింది, ఏళ్ళతరబడి అడిగింది, చివరకు భూమి వేలంలో పోయింది. ఇప్పుడక్కడ మిర్చి నిల్వచేసే కోల్డ్ స్టోరేజి ఉంది. ఆ రోజు మోసుకెళ్ళిన బోర్డు ఏమైందో తెలియదు. పాతనేలేదు.

ఇక, ఇందులో నేను కల్పించింది ఏది? తేనెటీగలంటారు మీరు. కాదు, అవి ఉన్నాయి. నా ఎడమ చెవి ఇప్పటికీ సాక్ష్యం. మిరపపొగ అంటారు. అదీ ఉంది. మూడు దెబ్బలూ ఉన్నాయి, కోర్టులో చెప్పినట్టే. కల్పించింది వాటి వరస.

నేను ఆ లక్క వంక చూస్తూ నిలబడిపోయినప్పుడు, పెద్దావిడ ఊచల దగ్గరకొచ్చి, కాపలాదారుకు వినబడేంత దగ్గరగానే, నాతో మెల్లగా అంది: "అయ్యా, ఆ గొలుసు ఊరికే తగిలించిందే. తొయ్యండి." తోశాను. సీలు చెక్కుచెదరలేదు, తాళం ఊడలేదు. కానీ గొలుసు చివరి లంకె తాళంలో లేదు, కొక్కేనికి ఊరికే తగిలించి ఉంది. అది జారింది. గేటు చప్పుడు కూడా చెయ్యకుండా తెరుచుకుంది. కీళ్ళకు ఎవరో నూనె రాశారు. మబ్బు పట్టిన రోజుల్లో ఆ ఆడవాళ్ళు కాయల టిక్కీలు తెచ్చి మిల్లు వరండాలో పెట్టుకునేవాళ్ళు, కాపలాదారు తీసి పెట్టేవాడు. ఊరందరికీ తెలుసు. తెలియనిది కోర్టుకూ మాకే. మేం నిచ్చెన మోసుకొచ్చింది ఆ గేటు పక్కనుంచే.

సర్వేయరు ఊపిరి కూస్తున్నంతసేపూ కాపలాదారు ఆ మాట చెప్పలేదు. అతన్ని కొట్టాలనిపించింది. మొహం చూశాను. గోడ పక్కన కూర్చుని, నోట్లో దుప్పటి కుక్కుకుని, చిన్నపిల్లాడిలా ఊగుతున్నాడు. అదే భయం. కాసేపటి కిందట నా మొహం మీద ఉన్నదే. సీలు పదిలంగా ఉండి మనిషి బయటికొచ్చాడంటే గేటు ఎప్పటినుంచో తెరిచే ఉందని చిన్నపిల్లలకు కూడా తెలుస్తుంది. మిల్లులో పోయిన ప్రతి ఇనుపముక్కా అతని మెడకు చుట్టుకుంటుంది, ఆ ఆడవాళ్ళ మెడకూ.

సర్వేయరును ఎక్కించుకుని ట్రాక్టరు వెళ్ళిపోయింది. దాని దుమ్ము ఇంకా రోడ్డు మీదే ఉంది. నేను కంకరరాయి వెతుక్కుని, బార్లా తెరిచి ఉన్న గేటు ముందు కూర్చుని, దాని సీలు పగలగొట్టాను. మూడు దెబ్బలు. తలారి చూస్తున్నాడు, కాపలాదారు చూస్తున్నాడు. మొదటి రెండూ గురి తప్పాయి.